అద్దం ఎప్పుడు చూసుకోవాలి?



మంచి పని కోసం ఎంత కష్టమైనా పడాలి అంటాం. సరే, ఆ కష్టం పడేది ఎవరు? ఈ ప్రశ్న వేసే ఒక డాక్యుమెంటరీ గురించి ఈసారి మీతో మాట్లాడతాను.

అమెరికాకు చెందిన లెస్ బ్లాంక్ పెద్ద కంపెనీల అండ లేకుండా సొంతంగా డాక్యుమెంటరీలు తీసినవాడు. 1982లో ఆయన తీసిన ‘బర్డెన్ ఆఫ్ డ్రీమ్స్’ అంటే కలల బరువు. జర్మన్ దర్శకుడు వెర్నర్ హెర్జోగ్ పెరూ అడవుల్లో ‘ఫిట్జ్‌కరాల్డో’ సినిమా తీస్తూ పడ్డ పాట్లు అందులో చూస్తాం.

ఆ సినిమా కథలో ఒక ఓడని కొండ మీదుగా అవతలి నదికి దాటించాలి. హెర్జోగ్ బొమ్మ ఓడ వద్దన్నాడు. 320 టన్నుల నిజమైన ఓడనే లాగాలన్నాడు. 1979లోనే అగ్వారునా ఆదివాసులు ఎదురు తిరిగి క్యాంపు తగలబెట్టారు. షూటింగు వేరే చోటికి మారింది. 40 శాతం తీశాక హీరో జబ్బుపడి వెళ్ళిపోయాడు. అంతా మళ్ళీ మొదటినుంచి తియ్యాల్సివచ్చింది. వాలు ప్రమాదమని హెచ్చరించిన ఇంజనీరూ వెళ్ళిపోయాడు. హెర్జోగ్ మాత్రం ఆగలేదు. ఇది వదిలేస్తే తాను కలలు లేని మనిషినైపోతానని ఆయన భయం.

ఆ పట్టుదల చూస్తే ఎవరికైనా దండం పెట్టబుద్ధేస్తుంది. కానీ బ్లాంక్ కెమెరా బురదలో పనిచేసే ఆదివాసీ కూలీల వైపు కూడా తిరుగుతుంది. కల హెర్జోగ్‌ది, తాడు తెగితే పోయే ప్రాణాలు వాళ్ళవి. చివరికి ఓడ కొండ దాటింది. కాన్స్‌లో ఉత్తమ దర్శకుడి బహుమతీ వచ్చింది. బహుమతి వచ్చాక ఇక ఈ ప్రశ్న అడిగేదెవరు?

బుద్ధుడు రాహులుడిని అద్దం దేనికని అడిగాడు. చూసుకోవడానికి అన్నాడు రాహులుడు. అయితే ప్రతి పనినీ అలాగే చూసుకో అన్నాడు బుద్ధుడు. చేసేముందు, చేస్తుండగా, చేశాక. ఇది నాకు గానీ, ఎదుటివాళ్ళకి గానీ హాని చేస్తుందా? చేస్తుందని తెలిస్తే మధ్యలో ఉన్నా ఆపెయ్యమన్నాడు. అదే మనకి చేతకాదు. ఇంతదూరం వచ్చాం, ఇంత ఖర్చు పెట్టాం అంటాం. తృష్ణ దాక్కునేది ఆ మాట వెనకే.

ఇలా ఆలోచిస్తూ కూర్చుంటే గొప్ప పని ఏదైనా అవుతుందా అని మీరడగొచ్చు. అవుతుంది. ధమ్మం అన్ని కోరికల్నీ వద్దనలేదు. మంచి చెయ్యాలనే కోరికని పాళీలో ఛందం అంటారు. ఆ కోరిక ఉన్నవాడు పక్కవాడి ముఖం చూస్తూ పని చేస్తాడు. తృష్ణ పట్టినవాడికి పని తప్ప మనుషులు కనిపించరు.

మనమూ పాటలు కడతాం, వీధినాటకాలు వేస్తాం. ఒకసారి ఏప్రిల్ 14 నాటకం కోసం నేను పిల్లల్ని రాత్రి పదకొండు దాకా రిహార్సల్లో నిలబెట్టాను. తెల్లారితే వాళ్ళలో ఒక అమ్మాయికి పరీక్ష. ఆ సంగతి నాకు తెలుసు. నాటకం బాగా వచ్చింది, చప్పట్లు నాకొచ్చాయి. ఆ అమ్మాయి పరీక్ష పోయింది.

చేశాక తప్పని తేలితే తోటివాళ్ళ ముందు ఒప్పుకోమని కూడా బుద్ధుడు రాహులుడికి చెప్పాడు. అందుకే మీ ముందు ఒప్పుకుంటున్నాను. ఈసారి నాటకం మొదలుపెట్టేముందు పిల్లల్నే అడుగుతాను, మీకు ఎప్పుడు వీలవుతుందని. మీరూ మీ పనిలో బరువు మోసేవాళ్ళని ఒక్కసారి అడిగి చూడండి.

నమో బుద్ధాయ. జై భీమ్.