చక్కెర సుంకము: తీపి ఎవరికి, చెమట ఎవరిది?



సుంకము అనే మాట వినగానే మన సంఘాలలో మొదట గుర్తుకు వచ్చేది సుంకపు మెట్టు దగ్గర కూర్చున్న మత్తయి. అందువలన ఆ మాట మన చెవికి కొంచెం చెడ్డగానే వినిపిస్తుంది. అయితే సుంకరులు బాప్తిస్మమిచ్చు యోహాను దగ్గరకు వచ్చి తమ కర్తవ్యమేమిటని అడిగినప్పుడు ఆయన ఆ ఉద్యోగం మానివేయమనలేదు. న్యాయం తప్పి వసూలు చేయవద్దన్నాడు, అంతే. కనుక సుంకము తనంతట తాను పాపమూ కాదు, పుణ్యమూ కాదు. అది ఎవరి దగ్గర నుండి తీసుకోబడుతున్నది, ఎవరికి చేరుతున్నది అన్నదే చూడవలసిన సంగతి.

ఈ ఆలోచన మాకు ఒక ఆదివారం ఆరాధన అయిన తరువాత టీ తాగుతుండగా వచ్చింది. 2018 ఫిబ్రవరిలో మన ప్రభుత్వం దిగుమతి చక్కెర మీద సుంకాన్ని 50 శాతం నుండి 100 శాతానికి పెంచిన సంగతి మాటల్లోకి వచ్చింది. ఒక యువకుడు, “మాస్టారూ, బయటి చక్కెర చౌకగా దొరికినప్పుడు నూటికి నూరు పన్ను వేసి ఆపడం పేదవాడికి అన్యాయం కాదా?” అన్నాడు. చెరకు పండించే ఇంట్లో పుట్టిన మరొక సహోదరుడు వెంటనే, “తమ్ముడూ, ఆ పన్ను తీసేస్తే మా నాన్నగారు చెరకు ఎవరికి అమ్ముకోవాలి?” అన్నాడు. ఇద్దరి మాటలోనూ నిజం ఉన్నది. ఆ రోజు మేము సరియైన జవాబు చెప్పలేకపోయాము. తరువాత చరిత్ర పుస్తకాలు తిరగవేస్తే, ఇదే ప్రశ్న రెండు వందల ఏండ్ల క్రితం ఇంగ్లండులో బాప్టిస్టుల ముందు కూడా నిలిచిందని తెలిసినది.

ఆ రోజుల్లో ఇంగ్లండు ప్రభుత్వం వెస్టిండీస్ దీవుల నుండి వచ్చే చక్కెర మీద ఒక హండ్రెడ్‌వెయిట్‌కు, అంటే సుమారు 50 కిలోలకు, 24 షిల్లింగులు సుంకం వేసేది. మన బెంగాలు చక్కెర మీద 1836 వరకు 32 షిల్లింగులు. పరదేశాల చక్కెర మీద 63 షిల్లింగులు. అంటే వెస్టిండీస్ తోటల యజమానుల చుట్టూ ఒక గోడ కట్టినట్లే. ఆ తోటల్లో పని చేసేది ఆఫ్రికా నుండి పట్టి తెచ్చిన బానిసలు, వారి బిడ్డలు. లండనులోని బీదవాడు ఎక్కువ ధర ఇచ్చి చక్కెర కొన్నాడు. ఆ ఎక్కువ ధరలో ఒక్క పైసా కూడా చెరకు నరికిన చేతికి చేరలేదు.

దీనిని సహించలేని విశ్వాసులు ఉన్నారు. 1791లో విలియం ఫాక్స్ అనే ఆయన వెస్టిండీస్ చక్కెర వాడవద్దని ఒక కరపత్రం వేశాడు. అనేక కుటుంబాలు చక్కెర మానివేశాయి. మరుసటి ఏడు, అంటే 1792లో, మన దేశానికి సువార్త తెచ్చిన విలియం కేరీగారు మిషనెరీ పనిని గురించి వ్రాసిన ప్రసిద్ధ గ్రంథంలో కూడా ఈ సంగతి ఎత్తారు. అన్యాయంగా తయారైన చక్కెర మానివేసిన కుటుంబాలు ఆ మిగిలిన డబ్బును సువార్త పనికి ఇవ్వవచ్చునని ఆయన సూచన. మన సంఘాల మూలం ఎక్కడున్నదో వెదికితే, అక్కడ కూడా ఒక చెంచా చక్కెర ఉన్నదన్నమాట.

1831 డిసెంబరులో జమైకా దీవిలో శామ్ షార్ప్ అనే బానిస, బాప్టిస్టు సంఘంలో డీకను, కూలి ఇవ్వనిదే చెరకు నరకమని తోటివారిని కూడగట్టాడు. అది తిరుగుబాటుగా మారింది. తరువాత మూడు వందల మందికి పైగా మరణశిక్షకు గురి అయ్యారు. 1832 మే నెలలో షార్ప్‌ను ఉరి తీశారు. చరిత్రకారులు దానిని బాప్టిస్టు యుద్ధమని పిలుస్తారు. 1834 ఆగస్టు 1న బానిసత్వ రద్దు అమలులోకి వచ్చింది. 1838లో పూర్తి విడుదల లభించింది. బ్రిటిషు ప్రభుత్వం నష్టపరిహారంగా 2 కోట్ల పౌండ్లు మంజూరు చేసింది. అది యజమానులకు. విడుదలైనవారికి ఏమీ ఇవ్వలేదు.

ఇక్కడనే మన ప్రశ్న కఠినమవుతుంది. 1838 తరువాత అదే సుంకపు గోడ వెనుక ఉన్నది స్వతంత్రులైన కూలీలు. గోడకు అవతల క్యూబా, బ్రెజిల్ దేశాలలో ఇంకా బానిసలే చెరకు నరుకుతున్నారు. నిన్నటి వరకు అన్యాయాన్ని కాపాడిన గోడ నేడు న్యాయాన్ని కాపాడుతున్నట్లు కనబడింది. బానిసత్వ వ్యతిరేక సంఘము వారు, బానిసల చక్కెరను రానివ్వవద్దన్నారు. స్వేచ్ఛా వ్యాపారం కోరినవారు, ఇంగ్లండు బీదవాడి టీ కప్పు సంగతి ఏమిటి, అమెరికా బానిసలు పండించిన ప్రత్తిని మాత్రం కొనడం లేదా అని అడిగారు. నిన్నటి దాకా ఒక్కటిగా నిలిచినవారే ఈ విషయంలో రెండుగా చీలిపోయారు. 1846లో ప్రధానమంత్రి జాన్ రస్సెల్ ప్రభుత్వం ఈ తేడాను క్రమేణా తొలగించే చట్టం తెచ్చింది. 1854 నాటికి సుంకం అందరికీ సమానమైంది. 1874లో చక్కెర సుంకమే లేకుండా పోయింది.

ఫలితమేమిటి? ఇంగ్లండులో ధర పడిపోయింది. చక్కెర కూలివాని ఇంటికి మరింత ఎక్కువగా వచ్చింది. ఇది నిజమైన మేలు, కాదనలేము. జమైకాలో అనేక తోటలు మూతపడ్డాయి, విడుదలైనవారి కూలి తగ్గింది. క్యూబాలో బానిసత్వం 1886 వరకు, బ్రెజిల్‌లో 1888 వరకు సాగింది. ఒకరి మేలు మరొకరి కీడుతో కలసి వచ్చింది.

ఈ కథలో మన తెలుగువారు కూడా ఉన్నారు. 1825లో మారిషస్ చక్కెరకు వెస్టిండీస్ చక్కెరతో సమానమైన సుంకం ఇచ్చారు. దానితో ఆ దీవి అంతా చెరకు తోటలైంది. బానిసత్వం రద్దయినప్పుడు ఆ తోటలకు చేతులు కావలసి వచ్చి, 1834 నుండి మన దేశపు కూలీలను ఒప్పందం మీద ఓడలెక్కించారు. యానాము ప్రక్కనే ఉన్న కోరంగి రేవు నుండి వెళ్ళినవారిని బట్టి అక్కడ తెలుగువారికి కోరంగులని పేరు వచ్చింది. లండనులో ఒక అంకె మారితే గోదావరి ఒడ్డున ఒక తల్లి కొడుకును సాగనంపింది. ఆ అంకె సంగతి ఆమెకు ఎవరూ చెప్పి ఉండరు.

1860 నుండి దక్షిణాఫ్రికాలోని నేటాలుకు కూడా మద్రాసు నుండి ఓడలు వెళ్ళాయి. అయిదేండ్ల ఒప్పందం, మొదటి ఏడు నెలకు 10 షిల్లింగుల జీతం. 1911 వరకు సుమారు లక్షన్నర మంది ఆ విధంగా వెళ్ళారు. వారిలో మన తెలుగు బాప్టిస్టులు ఉన్నారు. కాపరి లేని ఆ మందను చూడడానికి 1903లో తెలుగు సంఘాలు తమ సొంత కానుకలతో జాన్ రంగయ్యగారిని పంపించాయి. ఆ ఏడే కియర్స్‌నీ అనే చోట తెలుగు బాప్టిస్టు సంఘం ఏర్పడినది. పరాయి నేల మీద తెలుగులో ప్రార్థించే మన వంటి సంఘాలకు వారు అన్నలు. వారిని అక్కడికి చేర్చినది చెరకే.

ఇక మన దేశం. 1930 ప్రాంతంలో మనకు కావలసిన తెల్ల చక్కెరలో ఎక్కువ భాగం జావా దీవి నుండి వచ్చేది. 1932లో మన పరిశ్రమకు రక్షణ సుంకం చట్టం వచ్చింది. అప్పటికి ముప్పైకి కొద్దిగా పైగా ఉన్న మిల్లులు నాలుగైదేండ్లలో 130 దాటాయి. 1933లో మండ్యలో ఏర్పడిన కంపెనీ, ఆ దశాబ్దం చివరలో బోధనులో వెలసిన కర్మాగారం ఆ కాలపు బిడ్డలే. వేలాది కుటుంబాలకు పని దొరికింది. ప్రపంచ మాంద్యంతో ముందే కుంగిన జావాలో మాత్రం మిల్లులలో నాలుగో వంతు కూడా నడవని స్థితి వచ్చింది. దిగుమతి ఆగిపోయినందున సుంకం రాబడి తగ్గి, 1934లో మన ప్రభుత్వం స్వదేశీ చక్కెర మీదనే ఎక్సైజు పన్ను వేసింది. అదే ఏడు చెరకుకు కనీస ధర నిర్ణయించే అధికారం రాష్ట్రాలకు ఇస్తూ మరొక చట్టం చేయవలసి వచ్చింది. ఎందుకు? గోడ కట్టినంత మాత్రాన దాని లాభం మిల్లు గేటు దాటి పొలానికి వెళ్ళదు గనుక. ఆ రెండో చట్టంలోనే మన ప్రశ్నకు సగం జవాబు ఉన్నదని మేము తలస్తున్నాము.

మిగిలిన సగం ఇంకా దూరంలో ఉన్నది. రైతుకు ధర నిర్ణయించారు, సరే. చెరకు నరికేవారి మాట ఏమిటి? మహారాష్ట్రలో ఉన్న మన సంఘస్తులకు ఇది తెలిసినదే. మరాఠ్వాడాలోని బీడ్ వంటి కరవు జిల్లాల నుండి ప్రతి శీతకాలము భార్యాభర్తలు జంటగా, ముందుగా తీసుకున్న అడ్వాన్సు తీర్చడానికి, చెరకు పొలాలకు వస్తారు. వారి పిల్లలు బడి మధ్యలో వదలి వెంట వస్తారు. ఇన్నేండ్లు బడిలో హాజరు పిలిచిన మాకు, జవాబు రాని పేరు దగ్గర ఆగిపోవడం అలవాటు. ఆ పిల్లల పేర్లు కూడా ఎక్కడో ఒక పట్టికలో అలాగే ఉండిపోతున్నాయి.

కనుక ఆ ఇద్దరు సహోదరులకు మా జవాబు ఇది. బాబూ, చౌకగా దొరికినదల్లా బీదవాడికి మేలు కాదు. ఆ చౌక వేరొక బీదవాడి కూలిలో నుండి కోసినదైతే అది మేలు ఎలా అవుతుంది? అయ్యా, స్వదేశీ పేరుతో కట్టిన గోడ అంతా న్యాయం కాదు. దాని వెనుక రైతు బాకీలు నిలిచిపోతే, నరికేవాడు అప్పులోనే ఉండిపోతే, మనమందరము ఎక్కువ ధర ఇచ్చి ఎవరిని కాపాడుతున్నట్లు? సుంకం ఎంత ఉండాలో ప్రభుత్వము, పండితులు తేల్చుతారు. చేలు కోసినవారి బిగబట్టిన కూలి దేవుని చెవిని చేరుతుందని యాకోబు పత్రిక మనకు నేర్పినది. ఆ కూలిని గురించి అడిగే బాధ్యత సంఘానిది.

ఈ సారి శీతకాలములో మీ ఊరి ప్రక్క చెరకు నరికే గుడిసెలు వెలసినప్పుడు, మన స్త్రీల సమాజమువారు, యౌవనస్థులు ఒక్కసారి వెళ్ళి చూడవలెనని మా మనవి. అడ్వాన్సు ఎంత, లెక్క ఎవరు వ్రాస్తున్నారు, పిల్లలు ఏ బడికి వెళ్తున్నారు అని అడగండి. చదువు వచ్చిన మనవారు ఒకరు వారి లెక్క చూసి పెట్టినా మేలే. ఒకప్పుడు మన పెద్దలు సముద్రము అవతల ఇటువంటి గుడిసెల్లోనే ఉన్నారు. అప్పుడు వారి లెక్క అడిగినవారు లేరు.

ప్రభువు మనకు వివేచన దయచేయును గాక.