గానమును, గ్రాసమును

సంగీతము దైవదత్తమైన విద్య యని మనలో వాడుక. ఈ మాట అనువారిలో పలువురు దాని వెంట మఱియొక మాటను మనసులో దాచుకొందురు: దైవము ఊరక యిచ్చినదానికి మనము వెల యియ్యనేల? గాయకుడు గొప్పవాడైనచో శాలువ కప్పుదుము, కంకణము తొడుగుదుము, గండపెండేరము వేయుదుము. అంతటి గొప్పవాడు కానిచో అతడేమి తినుచున్నాడో అడుగము. ఈ రెండు పనులును ఒకే గుణమునుండి పుట్టుచున్నవని నా యభిప్రాయము. చదువరులు కోపగింపకుందురు గాక. ఈ దోషమున నాకును భాగము గలదు.

కొన్నియేండ్ల క్రిందట తాడేపల్లిగూడెమునకు చేరువనున్న యొక గ్రామమున బంధువుల యింట పెండ్లికి బోయితిని. పందిరి వాకిట సన్నాయి మేళము కూర్చుండెను: రెండు సన్నాయిలు, రెండు డోళ్లు, శ్రుతి చూచుకొను కుఱ్ఱవాడొకడు. పెద్ద సన్నాయి పట్టిన ముసలివాడు మోహనరాగమును ఎత్తికొని, పొలమునకు నీరు పెట్టు రైతు మడి వెంబడి మడి తడుపుకొని పోవునట్లు, తొందర లేక పావుగంటసేపు నడిపెను. పందిరిలో నూఱుమందికి పైగా ఉంటిమి. విన్నవారు నలుగురైన లేరు. నేను సగము వింటిని. తక్కిన సగము ప్రక్కనున్న యాయనతో రొయ్యల ధరను గూర్చి మాటలాడుచుంటిని. అంతలో పురోహితుడు వ్రేలెత్తి "గట్టిమేళం" అనెను. రాగము నడుమనే తెగిపోయెను. భోజనముల వేళ ఆ అయిదుగురికిని, అందఱును తిని లేచిన తరువాత, పందిరి వెనుక అంట్లు తోము చోటికి ప్రక్కగా విస్తళ్లు వేసిరి.

నాకు సిగ్గు తోచి, ఆ ముసలివానికడకు బోయి, "తాతగారూ, ఈ విద్య మీ అబ్బాయికి నేర్పినారా?" అని యడిగితిని.

"లేదండి బాబూ. మావాడు కొల్లేట్లో చేపల చెరువుల మీద పనికి పోతన్నాడు. సన్నాయి పట్టుకుంటే రమ్మని పిలుస్తారు గాని, కూకోమని ఎవరూ అనరండి" అని యతడు చెప్పి, మజ్జిగ పోయించుకొనెను.

నాటినుండి ఆ మాట నన్ను విడువలేదు. విద్య గలవానికి గౌరవమును గ్రాసమును ఎవరు ఈయవలెను? రాజా? దాతయా? లేక వినెడి యూరంతయునా?

తెలుగునాట ఈ ప్రశ్నకు గట్టి యుత్తరము ఒకసారి విజయనగరమున లభించినది. 1919వ సంవత్సరమున పూసపాటి విజయరామ గజపతి మహారాజు అచ్చట సంగీత పాఠశాలను స్థాపించెను. తన కొలువులోని యొక యుద్యోగి కుమారుడు అంధుడై యుండియు సంగీతమునందు ఆసక్తి గలవాడగుటచే, ఆతని నిమిత్తమై ఈ తలంపు పుట్టెనని చెప్పుకొందురు. హరికథాపితామహులగు ఆదిభట్ల నారాయణదాసు గారు ప్రథమాధ్యక్షులైరి. ద్వారం వెంకటస్వామి నాయుడు గారు విద్యార్థిగా చేరవచ్చి, ఫిడేలు వాయించి వినిపింపగా, శిష్యుడుగా గాక ఆచార్యుడుగానే నియమింపబడిరి. 1936లో అధ్యక్షులును ఐరి. నారాయణదాసు గారు బ్రాహ్మణులు. నాయుడు గారు కారు. ఒకరి పీఠమున రెండవవారు కూర్చుండుటకు విద్య తప్ప మఱియొక యర్హత అడుగబడలేదు. ఆ కాలమున ఇది యెంత యరుదైన విషయమో, గురువులు తమ యింటివారికిని తమ కులమువారికిని మాత్రమే మర్మములు చెప్పిన దినములను ఎఱిగినవారికి తెలియును. ఇట్లు పాఠశాల యనునది విద్యను ఇంటిగడప దాటించును. దాని పుణ్యములలో నేను మొదట లెక్కించునది యిది.

అయినను గడప దాటి వచ్చిన బాలుడు ఏమి తినవలెను? కొల్లేటికి ఆవలి ప్రక్కనున్న గుడివాడ సీమలో, చౌటపల్లెయందు 1922లో జన్మించిన ఘంటసాల వేంకటేశ్వరరావు గారి కథ మన యిండ్లలో అందఱకును తెలిసినదే. సంగీతము కొఱకై ఇల్లు విడిచి విజయనగరము చేరి, అచ్చట జోలె పట్టి మధుకరము ఎత్తుకొని, పట్రాయని సీతారామశాస్త్రి గారి శిక్షణలో ఆయన చదువుకొనిరి. ఈ కథను మనము కన్నీటితో చెప్పుకొందుము. పట్టుదలకు దృష్టాంతముగా పిల్లలకు బోధింతుము. మధుకరమిడిన యిల్లాండ్రకు నమస్కారము చేయుదుము, చేయవలసినదే. కాని ఒక్క సంగతి ఆలోచింపుడు. మధుకరమను ఆచారము ఏ బాలునికి గలదు? బ్రాహ్మణ వటువునకు గలదు. అదే యీడున, అదే కంఠముతో, అదే యాకలితో వేఱొక కులపు బాలుడు ఆ వీథిలో నిలుచుండి యున్నచో, ఏ యిల్లాలు ఏ గిన్నెతో బయటికి వచ్చియుండును? పాఠశాల తలుపు తెఱచియుండెను. అన్నపు తలుపు కొందఱికి మాత్రమే తెఱచియుండెను. ఇట్టి తలుపుల వద్ద వెనుదిరిగిన కంఠములకు చరిత్ర లేదు గనుక మనకు వారి కొఱకు కన్నీరును లేదు.

ఐరోపాలో సంగీత విద్యాలయమునకు కన్సర్వేటరీ యని పేరు. ఆ పదము పుట్టిన తీరు విన్నచో ఆశ్చర్యము కలుగును. ఇటలీ దేశపు నేపుల్సు నగరమున 16వ శతాబ్దమున వెలసిన అనాథశరణాలయములకు ఆ పేరు చెల్లెను. పిల్లలను కాపాడు చోటు అని దాని యర్థము. మొదట అన్నము, తరువాత పాట. పాట వచ్చిన పిల్లలు ఊరేగింపులలోను శవయాత్రలలోను పాడి, తమ శరణాలయమునకు సంపాదించి పెట్టెడివారు. వెనీసులో పీయెతా యను శరణాలయమున, తల్లిదండ్రులు విడిచిన బాలికలకు 1703 మొదలు వివాల్డి యను గొప్ప వాగ్గేయకారుడు వాయులీనము నేర్పెను. ఆ బాలికలు జాలీల వెనుక కూర్చుండి కచేరీ చేయుచుండగా దూరదేశములవారు వచ్చి వినెడివారు. ముఖము కనబడదు, ఇంటిపేరు లేదు. అచ్చటను సుఖమంతయు నిండియున్నదని నేననను. కాని అన్నము పెట్టుట సంగీత విద్యలో మొదటి పాఠమని వారు ఎఱిగిరి.

జర్మనీలోని లైప్‌జిగు నగరపు కథ మనకు ఇంకను దగ్గఱ. అది వర్తకుల పట్టణము. 1743లో అచ్చటి పౌరులు పదునాఱుగురు గుమికూడి, పదునాఱుగురు వాద్యకారులకు తలకొకరు చొప్పున జీతము పెట్టుకొని కచేరీలు సాగించిరి. 1781లో ఆ కచేరీలు బట్టల వర్తకుల భవనములోనికి చేరినవి. ఆ భవనపు పేరే నేటికిని ఆ వాద్యబృందమునకు పేరు. మెండెల్సన్ 1835లో దాని నాయకుడై, 1843లో అదే నగరమున సంగీత విద్యాలయమును స్థాపించి, బృందములోని వాద్యకారులనే ఉపాధ్యాయులుగా నియమించెను. క్రమము గమనింపుడు. అచ్చట ముందు మేళము, దానికి జీతము. సరిగా నూఱేండ్లకు పాఠశాల. పాఠశాల విడిచిన విద్యార్థి ఎచ్చటికి పోవలెనో అందఱకును ముందే తెలియును.

మనకు 1919లో పాఠశాల వచ్చినది. నూఱేండ్లు దాటినవి. ఏ తెలుగు పట్టణమును తనదని చెప్పుకొనదగిన, నెలజీతముల వాద్యబృందమును పోషింపలేదు. విజయనగరము పాఠశాలలో చదివిన వారిలో ప్రతిభావంతులకు మదరాసు చలనచిత్ర శాలలు గ్రాసమిచ్చినవి. ఘంటసాల వారికిని, అచ్చటనే చదివిన పి. సుశీల గారికిని అట్లే యయ్యెను. 1948 డిసెంబరు 1వ తేదీన విజయవాడ ఆకాశవాణి కేంద్రము తెఱవబడగా, మఱికొందఱు వాద్యకారులకు నెలజీతమన్నది తెలిసినది. ఢిల్లీలో ఆకాశవాణివారు 1952లో నెలకొల్పిన వాద్యబృందమును రవిశంకర్ గారు మొదట నడిపిరి; తరువాతి కాలమున మన ద్రాక్షారామమువారగు వైణికులు ఈమని శంకరశాస్త్రి గారు దానికి నిర్దేశకులైరి. ఇవి గొప్ప పనులే. ఐనను ఇవి ప్రభుత్వము చేసిన పనులు. మన యూరు చేసినది యేమి?

ఏలూరులో గోదావరి కాలువయు కృష్ణ కాలువయు కలియును. రెండు నదుల నీరు తెచ్చుకొనుటకు మనకు తెలిసినది. ఏలూరు తివాచీలు ప్రసిద్ధములు. మగ్గము ముందు పలువురు వరుసగా కూర్చుండి ముడి వెంబడి ముడి వేసినగాని ఒక తివాచీ పూర్తికాదు. ఏ ముడి యెవరిదో ఎవరికిని తెలియదు. బట్టల వర్తకులకు ఈ పట్టణమున కొదువ లేదు. లైప్‌జిగునకు గల సామగ్రియంతయు మనకు గలదు. ఆ పదునాఱుగురు మాత్రము కనబడరు.

మన సంగీతము ఏకాకి సంగీతమనియు, మనోధర్మము పదిమందిలో నశించుననియు, దొరల వాద్యగోష్ఠి మనకు పొసగదనియు పండితులు వాదింతురు. సింఫొనీ మనకు కావలెనని నేననుట లేదు. ఏ రాగము ఎట్లు వాయింపవలెనో విద్వాంసులే నిర్ణయింతురు గాక. కాని ఫిడేలు సయితము దొరలదే. బాలస్వామి దీక్షితులు దానిని మన సంగీతమునకు తెచ్చినప్పుడు మనోధర్మము నశింపలేదు. నాయుడు గారి చేతిలో అది మన భాషయే పలికినది. ఇంతకును నేనడుగుచున్నది స్వరముల కూర్పును గూర్చి కాదు, జీతమును గూర్చి, పంక్తిని గూర్చి. ఒక మహావిద్వాంసునికి సన్మానము చేయుట సులభము. ఒక సాయంకాలపు వ్యయము, చేసినవారికి కీర్తి. నలుబదిమంది సామాన్య వాద్యకారులకు ఏడాది పొడుగున కూడు పెట్టుట కష్టము; దానివలన ఏ దాత పేరును గోడమీద పెద్ద యక్షరములతో నుండదు. మనము మొదటి పనిచేసి రెండవది చేసితిమని తృప్తిపడుచున్నాము.

వాద్యబృందమున్నంత మాత్రమున న్యాయమున్నదని భ్రమపడరాదు. వియన్నా నగరపు ప్రఖ్యాత వాద్యబృందము 1842లో పుట్టినది. స్త్రీని సభ్యురాలిగా అంగీకరించుట 1997 వఱకు జరుగలేదు. హార్పు వాయించు నొక యామె అప్పటికి ఇరువది యేండ్లకు పైగా వారి నడుమనే కూర్చుండి వాయించుచుండెను. వాయించుటకు పనికివచ్చెను, లెక్కకు రాలేదు.

ఈ మాట వ్రాయుచుండగా కలము నన్నే చూచుచున్నది. సంస్కరణాభిమానులమగు మన యిండ్లలో ఇట్టి లెక్క యొకటి మిగిలియున్నది. భోగముమేళములను మాన్పవలెనని వీరేశలింగము గారి కాలమునుండి మనవారు పోరాడిరి. బాలికలను దేవుని పేర అర్పించుట 1947లో మదరాసు రాష్ట్రమున చట్టవిరుద్ధమయ్యెను. ఆ చట్టము ధర్మమైనది. దానికి నేను చేయెత్తి నమస్కరింతును. కాని ఒక దురాచారమును మూసినప్పుడు, దానిలో జీవనముండిన విద్యావతులు మఱునాడు ఏమి తిందురని మనలో ఎందఱు అడిగిరి? పదములును జావళీలును మన సభలకు వచ్చినవి, మన కుమార్తెలు నేర్చిరి. వానిని తరతరములు మోసికొని వచ్చిన స్త్రీలు సభలకు రాలేదు, ఉపాధ్యాయినులుగా పిలువబడలేదు. పశ్చిమ గోదావరి జిల్లాలోని బల్లిపాడు మదనగోపాలస్వామి యాలయమున సేవచేసిన సరిదె మాణిక్యమ్మ గారి వంటి పెద్దలను 1970వ దశకమున నటరాజ రామకృష్ణ గారు హైదరాబాదునకు పిలిపించి ఆదరించు వఱకు, మనకు వారు గుర్తునకు రాలేదు. తప్పు చట్టముది కాదు. చెడుగును ఊడ్చు తొందరలో దానితోపాటు మనుష్యులను గూడ ఊడ్చిన చేతులవి.

నా సంగతి చెప్పెదనంటిని. క్రిందటేడు మాఘమాసమున మా యింట పెండ్లి జరిగినది. పట్టుపట్టి, తాడేపల్లిగూడెపు చేరువనున్న ఆ ముసలివాని మేళమునే పిలిచితిని. పూలపందిరివాడు చెప్పిన వెలను మాఱుమాట లేక ఇచ్చితిని. సన్నాయివానితో బేరమాడితిని! రెండువేలు తగ్గించుకొని సంతోషించి, ఇల్లు చేరిన తరువాత నా భార్య అడిగినప్పుడు గాని నాకు తెలివి రాలేదు. ఆ రెండువేలును ఆమెయే కవరులో పెట్టి యుంచినది.

ఆ దినమున మేళమువారిని మొదటి పంక్తిలోనే, మా చుట్టముల వరుసలోనే కూర్చుండబెట్టితిమి. మా పెద్దలలో ఇద్దఱు విస్తరి ముందునుండి లేచి, మాటలాడక బయటికి నడిచిరి. వారిని ఆపుటకు నాకు నోరు రాలేదు. ముసలివాడు అది చూచి, సగము తిన్న విస్తరిని మడవబోయెను. నా భార్య చేతిలో గరిటెతో అతని యెదుట నిలిచి, "కూర్చోండి తాతగారూ, పప్పు వేయలేదు మీకింకా" అనెను. అతడు కూర్చుండెను. ప్రక్కనున్న డోలు కుఱ్ఱవాడు నెయ్యి అడిగెను.