అడిగిన మాట

సూర్యాపేటల కిరాయికున్నప్పుడు ఓ నడిరాత్రి సప్పుడైతే లేచిన. వంటింట్ల ఒకడు బియ్యం సంచి ఎత్తుకుంటున్నడు. రోకలందుకున్న. రాత్రిపూట ఇంటికి కన్నమేసినోణ్ణి తప్పనిసరైతే చంపినా నేరం గాదని 1860 నాటి శిక్షాస్మృతే రాసింది. 2024లో అమలైన కొత్త చట్టమూ అదే అంటది. నా నోట్లోంచి మాత్రం ‘ఏ కులమోనివిర?’ అని వచ్చింది.

ఠాణాల మా నాయన్ను ముందుగాల అడిగిందీ అదే. పేరు తర్వాత. 1871లో తెల్లోళ్లు తెచ్చిన నేరస్థ జాతుల చట్టం పుట్టుకనే నేరం జేసింది. తర్వాత మన ఎరుకలోళ్లనూ అందుల జేర్చిండ్రు. అది 1952లో రద్దయిందని బళ్లె పాఠం జెప్పేటోణ్ణి నేనే.

మాదిగోణ్ణంటే ఇడిచిపెట్టేటోణ్ణా? ఎరుకలోణ్ణంటే కొట్టేటోణ్ణా? ఇయ్యాల్టికీ తేల్చుకోలే.

వాడు జవాబియ్యలే. సంచి దించి పోయిండు. రోకలెత్తిన సంగతి మా ఇంటామెకు జెప్పిన. అడిగిన మాట జెప్పలే.