గౌరవం కూరకా, వండిన చేతులకా?

ఒక దేశం ఒక కూరని ‘ఇది మాది’ అని గర్వంగా చెప్పుకుంటే, ఆ గర్వంలో దాన్ని వండినవాళ్లకి వాటా ఉంటుందా? హంగరీ వాళ్ల గొడ్డుమాంసం కూర నేను ఇంట్లో తరచు వండుతాను. మూడు గంటల వంట కాబట్టి ఆలోచించుకోడానికి బోలెడు సమయం దొరుకుతుంది. ఆ కూర చరిత్ర తెలుసుకున్నకొద్దీ ఈ ప్రశ్న నన్ను వదలడం లేదు.

ముందు పేరు సంగతి. ప్రపంచమంతా ‘గులాష్’ అంటున్న చిక్కటి ఇగురుని హంగరీలో ‘పోర్‌కోల్ట్’ అంటారు. వాళ్ల ‘గుయాష్’ చారులా పలచగా ఉంటుంది. ‘గుయ’ అంటే పశువుల మంద, ‘గుయాష్’ అంటే ఆ మందని కాసేవాడు. మైదానాల్లో పశువుల వెంట తిరిగే కాపరులు, ‘బొగ్రాచ్’ అనే వేలాడే పాత్రలో ఆరుబయట వండుకున్న తిండి అది. ఆ కాపరి పేరే కూరకి మిగిలింది.

18వ శతాబ్దం చివర ఈ కూర కులం మారింది. హాబ్స్‌బర్గ్ చక్రవర్తి రెండవ జోసెఫ్ 1784లో జర్మన్‌ని పాలనా భాష చేశాడు. దానికి ఎదురుతిరిగిన హంగరీ ప్రభువులు తమ భాషనీ దుస్తులనీ పైకెత్తి పట్టుకున్నట్టే కాపరి కూరని కూడా జాతి గుర్తుగా తమ భోజనాల బల్ల మీదికి తెచ్చుకున్నారు. పరిశోధకురాలు ఎస్తెర్ కిష్‌బాన్ ఈ పరిణామాన్ని వివరంగా రాశారు. కానీ కూర బల్ల ఎక్కింది గానీ దాన్ని వండుకున్న పల్లె జనం ఎక్కలేదు. దొరల పొలాల్లో రైతుల వెట్టి 1848 దాకా రద్దు కాలేదు. కూరకి మర్యాద దక్కాక కూడా ఇన్ని దశాబ్దాలు మనిషికి దక్కలేదన్నమాట.

ఇందులో ఆడవాళ్లెక్కడ? హంగరీలో ఇప్పటికీ బొగ్రాచ్ వంట ఎక్కువగా మగవాళ్ల పనే. పండగలకీ పోటీలకీ నిప్పు రాజేసి వండుతారు, చుట్టూ చేరినవాళ్లు మెచ్చుకుంటారు. అదే కూర మామూలు రోజున ఇంట్లో పొయ్యి మీద ఉడికితే దానికి మెప్పు లేదు. మనమేం తక్కువ తినలేదు. బాగా కుదిరిన వంటని నలభీమపాకం అంటాం. ఆ ఇద్దరూ మగవాళ్లే.

ఇంట్లో వండి చూస్తే అసలు సంగతి తెలుస్తుంది. కిలో మాంసానికి దాదాపు అరకిలో ఉల్లిపాయలు సన్నగా తరగాలి. పంది కొవ్వులో సన్నసెగ మీద, ఎర్రబడకుండా, మెత్తబడేదాకా వేయించాలి. తర్వాత గిన్నె దించి ‘పాప్రికా’ అనే వాళ్ల మిరపపొడి వెయ్యాలి. పొయ్యి మీదే వేస్తే క్షణాల్లో మాడి చేదెక్కుతుంది. వెంటనే కాసిని నీళ్లు చిలకరించి మాంసం వెయ్యాలి. నరాలూ జిగురూ ఉన్న కాలి పిక్క మాంసమే దీనికి మంచిది. ఆ జిగురు కరగడానికే రెండున్నర, మూడు గంటలు. నీళ్లు ఒకేసారి పోస్తే ఉడికిన మాంసం అవుతుంది, పోర్‌కోల్ట్ అవదు. ఇగిరినప్పుడల్లా కొంచెం కొంచెం పోస్తుండాలి. పిండి కలిపి చిక్కబరచకూడదు.

వంటల పుస్తకం దీన్నంతా ‘సన్నసెగ మీద మెత్తబడేదాకా ఉడికించాలి’ అని ఒక్క వాక్యంలో తేల్చేస్తుంది. ఆ వాక్యంలో కర్త లేదు. మూడు గంటలు ఇల్లు కదలకుండా ఎవరుండాలో అది చెప్పదు. చెప్పనక్కర్లేదు, అందరికీ తెలుసు కదా!

ఇక ఆ మిరపపొడి. మిరప అమెరికా ఖండాల నుంచి వచ్చిన పంట. హంగరీకి తుర్కుల పాలన కాలంలో చేరింది, మనకి పోర్చుగీసు వాళ్లు తెచ్చారు. దాని కారమంతా కాయ లోపలి తెల్లటి ఈనెల్లో ఉంటుంది. కారం లేని రకాలు రాకముందు సెగెద్ ప్రాంతంలో కాయని చీల్చి ఈనెలు చేత్తో తీసేసేవాళ్లు. ఎక్కువగా ఆడవాళ్లే ఆ పని చేశారు. గుంటూరులో మిరపకాయల తొడిమలు తీసే కూలి ఆడవాళ్లని చూసినవాళ్లకి ఆ చేతుల మంట గురించి నేను చెప్పక్కర్లేదు.

ఆ సెగెద్‌లోనే పనిచేసిన ఆల్బర్ట్ సెంట్ గ్యోర్గీకి 1937లో నోబెల్ బహుమతి వచ్చింది. ఆయన చెప్పుకున్న కథ ఒకటుంది. ఒక రాత్రి భార్య భోజనంలో తాజా పాప్రికా కాయ పెట్టింది. ఆయనకి తినబుద్ధి కాలేదు. తప్పించుకునే దారి వెతికి దాన్ని ప్రయోగశాలకి పట్టుకుపోయాడు. అది విటమిన్ సి గని అని ఆ అర్ధరాత్రికల్లా తేలింది. కనిపెట్టింది ఆయనే, అందులో సందేహం లేదు. కానీ సరదాగా చెప్పుకునే ఆ కథలో ఆమె ఉత్త ‘భార్య’. ఆమె పేరు కోర్నేలియా దెమేని.

1956 తిరుగుబాటుని అణిచాక వచ్చిన యానోష్ కాదార్ పాలనకి ‘గులాష్ కమ్యూనిజం’ అని పేరు పడింది. జనం కడుపు నిండా తింటున్నారని దాని భావం. ఆ కాలంలో ఆడవాళ్లు ఫ్యాక్టరీలకీ ఆఫీసులకీ పెద్ద సంఖ్యలో వెళ్లారు. ఇంటికొచ్చాక వంటా వాళ్లదే. 1967లో పిల్లల పెంపకానికి భత్యం తెచ్చినప్పుడు కూడా తల్లులకే ఇచ్చారు. వ్యవస్థ పేరులోకి కూర ఎక్కింది గానీ ఇంట్లో దాన్ని ఎవరు వండాలన్నది మారలేదు.

ప్రేమగా వండే దానికి ఈ లెక్కలెందుకని అడిగేవాళ్లుంటారు. నాకూ ఈ కూర వండటం ఇష్టమే. కానీ ఇష్టంగా చేసినా అది పనే. ప్రేమ ఉన్నచోట లెక్కలు వద్దనే మాట ఎప్పుడూ తినేవాళ్ల వైపు నుంచే వస్తుంది.

ఇది హంగరీ వాళ్ల గొడవ మాత్రమే కాదు. అదే మాంసాన్ని తెలంగాణలో ‘పెద్దకూర’ అంటాం, చాలాచోట్ల గొంతు తగ్గించి అంటాం. అక్కడ కాపరుల కూరని పైవర్గం తన జెండా చేసుకుంది. ఇక్కడ దళితుల, ముస్లింల కూరని పైకులాలు మైలగా చూశాయి. తేడా రుచిలో లేదు, అధికారం ఉన్నవాళ్ల అవసరంలో ఉంది. 2012 ఏప్రిల్‌లో ఉస్మానియా యూనివర్సిటీలో దళిత విద్యార్థులు బీఫ్ ఫెస్టివల్ జరిపితే దాడులు జరిగాయి. నేను ఆ పండగ పక్షమే. తమ తిండి నలుగురిలో తలెత్తుకు తినడం వాళ్ల హక్కు.

అయితే హంగరీ అనుభవం ఒక సంగతి గుర్తు చేస్తోంది. తిండికి గౌరవం తేవడం ఒక పోరాటం, వండే మనిషికి తేవడం ఇంకో పోరాటం. మొదటిది గెలిస్తే రెండోది దానంతటదే రాదు. వాడల్లో పేగులు కడిగేదీ, తునకలు ఎండబెట్టి దాచేదీ ఎక్కువగా ఆడవాళ్లే. ఆ కూర వేదిక ఎక్కే రోజున వాళ్లూ ఎక్కాలి, మాట్లాడాలి. రేపు పెద్దకూర ఏ స్టార్ హోటల్ మెనూలోకో, ఏ ప్రభుత్వ ఉత్సవంలోకో చేరవచ్చు. అప్పుడు ‘ఇది ఎక్కడి వంట?’ అని అందరూ అడుగుతారు. ఎవరు వండారు, ఎంతసేపు నిలబడ్డారు, ఆ అంట్లు ఎవరు తోముతున్నారు అని అడగాల్సింది మనమే.