అర్హత – అధికారం: ఉపాధ్యాయ నియామక వివాదాలపై ఒక నైతిక పరిశీలన

ప్రస్తావన

ప్రభుత్వ ఉపాధ్యాయ ఉద్యోగం ఎవరికి దక్కాలనే ప్రశ్న తెలుగు నేలపై దశాబ్దాలుగా న్యాయస్థానాల్లో నలుగుతున్నది. ఈ వ్యాజ్యాల్లో వాదులు అభ్యర్థులు, ప్రతివాది ప్రభుత్వం. ఆ ఉద్యోగం ఎవరి కోసం ఏర్పడిందో ఆ పిల్లల పేరు మాత్రం సాధారణంగా ఏ కాగితంలోనూ కనిపించదు. నియామక అర్హత అభ్యర్థికి చెందిన హక్కా, లేక పిల్లల అవసరాన్ని బట్టి ఏర్పరచుకొన్న కొలమానమా అన్న నైతిక ప్రశ్నను కొన్ని తీర్పుల వెలుగులో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

ఈ పరిశీలనకు సంస్కృత శాస్త్ర సంప్రదాయంలోని అనుబంధ చతుష్టయం ఉపకరిస్తుంది. శాస్త్రారంభంలో విషయం, ప్రయోజనం, సంబంధం, అధికారి అనే నాలుగింటిని నిర్దేశించడం ఆ సంప్రదాయ పద్ధతి. ఇక్కడ అధికారి అంటే పెత్తనం గలవాడు కాదు, తగినవాడు. ఆ తగుతనం మిగిలిన మూడింటితో పొసగాలి. అయితే ఈ భావన నిర్దోషమైనదేమీ కాదు. బ్రహ్మసూత్రాల్లోని అపశూద్రాధికరణం ఆధారంగా భాష్యకారులు పుట్టుకను బట్టి శూద్రులకు వేదవిద్యాధికారాన్ని నిరాకరించారు. భారత రాజ్యాంగం 16వ అధికరణం ప్రభుత్వోద్యోగాల విషయంలో సరిగ్గా ఆ తర్కాన్నే తోసిపుచ్చింది. కాబట్టి ఈ చట్రాన్ని స్వీకరించేవారు ప్రతి అర్హత నియమాన్నీ మరొక ప్రశ్న కూడా అడగవలసి ఉంటుంది: ఇది ఎవరిని బయట ఉంచుతున్నది? ఎందుకు?

సంబంధం: స్థానికత

కామారెడ్డి జిల్లా పిట్లం మండలం ఈ ప్రశ్నను స్పష్టంగా చూపే చోటు. అది ఒకవైపు కర్ణాటకకు, మరొకవైపు మహారాష్ట్రకు చేరువగా ఉన్న ప్రాంతం. తెలుగుతో పాటు కన్నడ, మరాఠీ, ఉర్దూ, తండాల్లో లంబాడీ వినిపించే ఈ సరిహద్దు సీమలో ఒక సెకండరీ గ్రేడ్ ఉపాధ్యాయ ఖాళీని ఊహించి చూడవచ్చు. 2018 నాటి రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం అటువంటి జిల్లా స్థాయి పోస్టుల్లో 95 శాతం స్థానికులవి. ఒకటి నుంచి ఏడో తరగతి వరకు ఎక్కువ కాలం ఎక్కడ చదివారన్నది స్థానికతకు ప్రధానమైన గుర్తు. దీని ఫలితం విచిత్రంగా ఉంటుంది. పిట్లంలో పుట్టి, సరిహద్దు ఆవల బంధువుల ఇంట ఉండి ప్రాథమిక విద్య పూర్తి చేసిన అభ్యర్థి మరాఠీ పిల్లల మాట ఎరిగి ఉన్నా స్థానికేతరుడవుతాడు. జిల్లాకు మరో కొసన చదివినవాడు ఆ మాటలేవీ ఎరుగకపోయినా స్థానికుడే. నియమం కొలిచేది భౌగోళిక సంబంధాన్ని. తరగతి గదికి కావలసింది భాషా సంబంధం. ఈ రెండూ తరచుగా కలుస్తాయి గాని ఒకటి కావు.

అయినా స్థానికత నియమాన్ని తేలికగా తీసిపారవేయడం చరిత్రను మరవడమే అవుతుంది. 1952లో వరంగల్లులో ఉపాధ్యాయ నియామకాల వివాదంతో రాజుకొన్న ముల్కీ ఉద్యమం హైదరాబాదులో పోలీసు కాల్పులకు, ప్రాణనష్టానికి దారితీసింది. 1969లో సుప్రీంకోర్టు ఎ.వి.ఎస్. నరసింహారావు కేసులో తెలంగాణ నివాస నిబంధనకు ఆధారమైన 1957 నాటి చట్టపు సెక్షనును కొట్టివేసింది. 1972లో అదే న్యాయస్థానం ముల్కీ నిబంధనలు చెల్లుతాయన్నది. ఆ తీర్పు తరువాత ఆంధ్ర ప్రాంతంలో ఉద్యమం చెలరేగింది. 1973లో ఆరు సూత్రాల పథకం, దాని వెంట 371-డి అధికరణం వచ్చాయి. ఇంత కల్లోలం వెనుక ఉన్నది కేవలం ఉద్యోగాల లెక్క కాదు. తమ ఊరి బడిలో తమ పిల్లలకు పాఠం చెప్పే అవకాశం తమకే లేకపోతే తమ చదువుకు విలువేమిటన్న గౌరవ ప్రశ్న.

ఈ ప్రశ్నకు అత్యంత తీవ్రమైన రూపం షెడ్యూల్డు ప్రాంతాల్లో కనిపిస్తుంది. 2000లో వెలువడిన 3వ నంబరు ప్రభుత్వ ఉత్తర్వు ఆ ప్రాంతాల ఉపాధ్యాయ పోస్టులన్నింటినీ స్థానిక గిరిజనులకే కేటాయించింది. బయటినుంచి వచ్చిన ఉపాధ్యాయులు బడికి సరిగా రాకపోవడం దానికి చూపిన కారణాల్లో ముఖ్యమైనది. 2020 ఏప్రిల్ 22న చేబ్రోలు లీలాప్రసాదరావు కేసులో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ ఉత్తర్వును రాజ్యాంగ విరుద్ధంగా ప్రకటించింది. గిరిజనులకు గిరిజనులే బోధించాలన్న ఆలోచనను తిరస్కరించింది. అప్పటికే నియమితులైనవారి ఉద్యోగాలను మాత్రం షరతులతో కాపాడింది.

ఈ తీర్పులోని సూత్రానికి తెలుగు సాహిత్య చరిత్రలోనే బలమైన దృష్టాంతం ఉంది. గిడుగు వేంకట రామమూర్తి సవరవాడు కాదు. అయినా పర్లాకిమిడిలో సవర భాషను శ్రమించి నేర్చుకొని, పాఠ్యపుస్తకాలు తయారుచేసి, సవర పిల్లలకు బడులు పెట్టారు. సంబంధం పుట్టుకతోనే రానక్కరలేదని, సాధించుకోవచ్చునని ఆయన జీవితం నిరూపించింది. అయితే ఈ దృష్టాంతం రెండు వైపులా పదునైనది. గిడుగు వంటివారు అరుదు. అరుదైన వ్యక్తిని ఆధారం చేసుకొని నియమం నిర్మించలేము. బడికి రాని ఉపాధ్యాయుడి సమస్యకు ఆ ఉత్తర్వు వెతికిన జవాబు రాజ్యాంగ పరీక్షకు నిలవలేదు. సమస్య మాత్రం ఆ తీర్పుతో కొట్టివేయబడలేదు.

విషయం, ప్రయోజనం: బి.ఇడి., డి.ఇడి.

2018 జూన్ 28న జాతీయ ఉపాధ్యాయ విద్యామండలి బి.ఇడి. చదివినవారికి కూడా ప్రాథమిక తరగతుల ఉపాధ్యాయులయ్యే వీలు కల్పించింది. 2023 ఆగస్టు 11న దేవేశ్ శర్మ కేసులో సుప్రీంకోర్టు దానిని అంగీకరించలేదు. చిన్నపిల్లలకు బోధించే శిక్షణ బి.ఇడి.లో లేదని, 21-ఎ అధికరణం ఇచ్చే విద్యాహక్కులో నాణ్యత కూడా అంతర్భాగమని న్యాయస్థానం భావించింది. 11,062 పోస్టులతో వెలువడిన 2024 తెలంగాణ డి.ఎస్సీ.లో 6,508 సెకండరీ గ్రేడ్ పోస్టులకు ఈ భేదమే ద్వారపాలకుడైంది.

ఈ వివాదంలో డిగ్రీ మీద బి.ఇడి. చేసినవాడు ఇంటర్ మీద డి.ఇడి. చేసినవాడికంటే ఎక్కువ చదివాడన్న వాదం సహజంగానే వినవచ్చింది. ఇక్కడ అనుబంధ చతుష్టయం దారి చూపుతుంది. అధికారిని నిర్ణయించేది చదువు ఎత్తు కాదు, ప్రయోజనంతో దాని పొత్తు. ఆరేళ్ల పిల్లకు అక్షరం పరిచయం చేయడం వేరొక విద్య. ఈ తీర్పు విశిష్టత ఏమంటే, వ్యాజ్యంలో పేరు లేని బిడ్డను అది తర్కానికి కేంద్రంలో నిలిపింది.

నడిమధ్య మారిన నియమం

ప్రయోజనం మంచిదైనంత మాత్రాన ఏ పద్ధతైనా న్యాయమవుతుందా? 2008 డి.ఎస్సీ. దీనికి జవాబు చెబుతుంది. ప్రకటన వెలువడిన తరువాత సెకండరీ గ్రేడ్ పోస్టుల్లో 30 శాతం డి.ఇడి. అభ్యర్థులకు ప్రత్యేకించారు. దానితో ఎక్కువ మార్కులు వచ్చిన ఎందరో బి.ఇడి. అభ్యర్థులు ఉద్యోగానికి దూరమయ్యారు. కోర్టుల్లో ఏళ్ల తరబడి పోరాడిన తరువాత తెలంగాణలో వారికి 2025లో కాంట్రాక్టు నియామకాలు దక్కాయి. 2023 నాటి తీర్పు దృష్టితో చూస్తే డి.ఇడి. వారికి ప్రాధాన్యం ఇవ్వాలన్న ఆలోచనలో సబబు లేకపోలేదు. తప్పు జరిగింది ఆలోచనలో కాదు, అది వచ్చిన సమయంలో. ఆట మొదలయ్యాక నియమాలు మార్చరాదన్న సూత్రాన్ని ఆంధ్రప్రదేశ్ జిల్లా న్యాయమూర్తుల నియామకానికి సంబంధించిన కె. మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు అదే 2008లో చెప్పింది. 2024 నవంబరు 7న రాజ్యాంగ ధర్మాసనం దానిని మళ్ళీ ధ్రువపరచి, ముందున్న నియమావళి అనుమతిస్తే తప్ప మార్పు కూడదన్నది. ప్రకటన ప్రభుత్వమిచ్చిన మాట. పాతికేళ్ల వయసులో ఆ మాట నమ్మి పరీక్ష రాసినవారికి నలభై దాటాక వచ్చిన కాంట్రాక్టు ఉద్యోగం ఊరట కావచ్చు గాని, గడిచిన యౌవనానికి పరిహారం కాదు.

ఉపసంహారం

పై వివాదాల నుంచి మూడు కొలతలను గ్రహించవచ్చు. అర్హత నియమం ముందే తెలిసి ఉండాలి. అది బోధన ప్రయోజనంతో ముడిపడి ఉండాలి. బయట ఉన్నవాడు శ్రమతో లోపలికి రాగల వీలుండాలి. డి.ఇడి. నియమం మూడింటికీ నిలుస్తుంది. 2008 నాటి మార్పు మొదటిదానిలోనే తప్పింది. 3వ నంబరు ఉత్తర్వు రెండవదానికి చాలావరకు నిలిచి మూడవదానిలో ఓడింది. స్థానికత నియమం చారిత్రక న్యాయాన్ని మోస్తూనే రెండవ కొలతకు సగమే అందుతున్నది. పిల్లల ఇంటిభాష తెలిసి ఉండడాన్ని, నేర్చుకొని నిరూపించుకోగల అర్హతగా దానికి చేరిస్తే ఆ లోటు కొంత తీరుతుంది. అటువంటి నియమం తండాలో పుట్టిన అభ్యర్థికి ఉన్న సహజ బలాన్ని గుర్తిస్తుంది, ఇతరులకు తలుపు మూయదు.

అభ్యర్థుల మధ్య సమానత్వాన్ని న్యాయస్థానం చూడగలదు. బడిలో తన మాట అర్థమయ్యే గురువు పిట్లం పిల్లలకు దొరికాడా లేదా అన్నది ఏ తీర్పూ ఒంటరిగా తేల్చలేదు. ఆ బాధ్యత నియమాలు రాసేవారిది. ఉద్యోగం అభ్యర్థికి జీవనాధారమన్నది నిజం. దాని ప్రయోజనం మాత్రం పలక పట్టుకొని ఎదురుగా కూర్చున్న బిడ్డలోనే ఉంది.