ప్రాణమిచ్చు ఖడ్గము

జపాను దేశపు ఖడ్గవిద్యలో 'కత్సుజిన్‌కెన్' అను మాట యొకటి కలదు. 'కత్సు' అనగా బ్రతికించుట, 'జిన్' అనగా మనుష్యుడు, 'కెన్' అనగా ఖడ్గము. మనుష్యుని బ్రతికించు ఖడ్గమని దీని భావము. దీనికి జంటగా 'సెత్సునిన్‌తో' అను మాట నిలుచును. అది మనుష్యుని చంపు ఖడ్గము. చంపుట ఖడ్గమునకు స్వభావమే గనుక ఈ రెండవ మాటలో వింత యేమియు లేదు. మొదటి మాటయే చిక్కు. చంపుటకై కొలిమిలో పుట్టిన వస్తువు ప్రాణదాత యెట్లగును? ఒకవేళ అగునేని, ఎవరి ప్రాణమునకు? అది ప్రాణమిచ్చినదని నిర్ణయింపవలసినవారెవరు?

వీరశైవులకు ఈ ప్రశ్న దూరదేశపు ముచ్చట కాదు. వీరభద్రుని సంబరములలో కత్తి చేతబూని, ఖడ్గములు చదువుచు అడుగు ముందునకు వేయు ఆచారము తెలుగునాట నేటికిని కలదు. ఆ కత్తి యెవరినీ నరకదు. అయినను అది కత్తియే. దైవము పేరిట ఎత్తబడిన ఆయుధమునకు అర్థమేమి యన్న విచారము ఈ యింటిలోనిదే. దానిని పరాయి దేశపు మాట నాధారముగా జేసికొని పరిశీలించుటలో ఒక లాభము కలదు. స్వపక్షాభిమానము తొలుతనే అడ్డురాదు.

ఈ మాటల జంట మొదట యోధులది కాదు, సన్న్యాసులది. సంస్కృతమందలి 'ధ్యానము' చీనాలో 'చాన్' అయి, జపానులో 'జెన్' అయినది. ఆ మార్గమునకు చెందిన వూమెన్ హుయికాయ్ అను చీనా గురువు 1228లో 48 ప్రసంగములతో ఒక గ్రంథమును కూర్చెను. జపానువారు దానిని 'ముమోన్‌కాన్' అందురు. అందు పదునొకండవ ప్రసంగమున, జోషూ అను గురువు ఒక తపస్వి కుటీరమునకు పోయి లోపల ఎవరైన ఉన్నారా యని పిలిచెను. తపస్వి పిడికిలి యెత్తి చూపెను. గురువు అతనిని తృణీకరించి వెడలిపోయెను. మరియొక తపస్వి కడకు పోగా అతడును అట్లే పిడికిలి యెత్తెను. గురువు అతనికి నమస్కరించెను. చేష్ట యొక్కటే, ఫలములు రెండు. ఈ కథకు చేర్చిన పద్యములో చంపు కత్తియు బ్రతికించు కత్తియు ప్రక్కప్రక్కనే వచ్చును. గురువు మాట శిష్యుని అహంకారమును చంపును. ఆ చావులోనే శిష్యుడు బ్రతుకును. దీక్షాసమయమున గురువు పాశములను ఛేదించునని నమ్ము వీరశైవులకు ఈ భావమును వేరుగ వివరింపనక్కరలేదు. మంజుశ్రీ చేతి ఖడ్గము అజ్ఞానమును నరకు ప్రజ్ఞాఖడ్గమని బౌద్ధులు చెప్పుటయు ఇట్టిదే. ఇచ్చట రక్తము లేదు. ఉపమానము ఉపమానముగనే యున్నంతకాలము దానివలన ఎవరికిని హాని లేదు. నిజమైన ఇనుము పట్టినవాడు ఆ ఉపమానమును తనకు అన్వయించుకొన్ననాడు చిక్కు మొదలగును.

16వ శతాబ్దమున కామిఇజుమి నోబుత్సునా అను యోధుడు 'షిన్‌కాగే' అను ఖడ్గ సంప్రదాయమును నెలకొల్పెను. చీల్చిన వెదురును తోలు సంచిలో దూర్చి చేసిన అభ్యాసఖడ్గము ఇతడు కల్పించినదే యని చెప్పుదురు. కొయ్యకత్తితో సాధన చేయువారు దెబ్బను తగులకమున్నే ఆపుకొనవలెను. ఆపలేనిచో ఎముక విరుగును. వెదురు కత్తితో నిండుగా కొట్టవచ్చును, కొట్టించుకొన్నవాడు మరునాడు మరల పాఠమునకు రావచ్చును. తత్త్వచర్చను ప్రక్కన బెట్టి చూచినచో, ఆ దేశమున మనుష్యులను బ్రతికించిన ఖడ్గము అన్నింటికంటె ముందుగా ఇదియే కావలెను!

ఇతనిని గూర్చి మరియొక కథ కలదు. ఒక దుండగీడు పసిబిడ్డను పట్టుకొని గుడిసెలో దాగి, ఎవరు దరిచేరినను బిడ్డను చంపెదనని బెదిరించుచుండెను. నోబుత్సునా తల గొరిగించుకొని, సన్న్యాసి వస్త్రమును అడిగి పుచ్చుకొని, అన్నపు ముద్దలు చేతబట్టుకొని పోయెను. ఆకలిగొన్న దొంగ ముద్దకై చేయి చాచినంతనే అతనిని పట్టి బిడ్డను విడిపించెను. అకిరా కురొసావా 1954లో తీసిన 'సెవెన్ సమురాయ్' చిత్రములో ఈ ఘట్టమును వాడుకొనెను. అయితే ఆ చిత్రమున దొంగ చచ్చును.

నోబుత్సునా శిష్యులలో యగ్యూ మునెయోషి ముఖ్యుడు. అతని కుమారుడు యగ్యూ మునెనోరి (1571-1646) తోకుగావా ప్రభువులకు ఖడ్గాచార్యుడై, 1632లో 'హేయ్‌హో కదెన్‌షో' అను గ్రంథమును వ్రాసెను. అందలి మూడు భాగములలో ఒకదానికి చంపు ఖడ్గమనియు, మరియొకదానికి బ్రతికించు ఖడ్గమనియు పేర్లు. ఈ సంప్రదాయమున ఆ మాటలకు శాస్త్రీయమైన వాడుక యొకటి కలదు. ఎదుటివానిని బెదరగొట్టి, కదలనీయక, అణచిపెట్టి గెలుచుట సెత్సునిన్‌తో. అట్లుగాక, అతనిని కదలనిచ్చి, అతని కత్తికి చోటిచ్చి, అతడు చేయదలచినది చేయుచుండగా దానిననుసరించి గెలుచుట కత్సుజిన్‌కెన్. ఇందు 'బ్రతికించుట' అనగా ఎదుటివాని కదలికను బ్రతుకనిచ్చుట. గెలుపు రెండింటను ఉన్నది, దెబ్బయు ఉన్నది. ఇది కరుణకు పేరు కాదు, ఒక పద్ధతికి పేరు.

గంభీరమైన అర్థములకంటె ఈ చిన్న అర్థమే విలువైనది. ఎదుటివానికి చోటిచ్చుటలో తనకు ప్రమాదము కలదు. ముందుగా చంపినచో ఆ ప్రమాదము లేదు. చోటిచ్చిన ఆ క్షణమున ఎదుటివాడు కత్తిని ఒరలో పెట్టుకొనుటకును అవకాశము కలదు. అణచిపెట్టు పద్ధతిలో ఆ అవకాశము ఎంతమాత్రమును లేదు. ఈ దారి చివర 'ముతో' అను మాట యున్నది. ఖడ్గము లేకుండుట యని దాని భావము. 1594లో మునెయోషి వట్టిచేతులతో నిలిచి, తనపైకి కొయ్యకత్తి యెత్తి వచ్చిన తోకుగావా ఇయెయాసు చేతినుండి దానిని తీసికొనెను. దీనిని వివరించుచు మునెనోరి ఒక సూక్ష్మమును చెప్పెను. ఎదుటివాని కత్తిని లాగికొని తీరవలెనన్న పంతము ఇందు లేదు. కత్తి పోకుండ చూచుకొనుటయందే మనసున్నవాడు నరకుటను మరచును గనుక, అట్టివానినుండి దానిని లాగికొనవలసిన పనియే లేదు.

కాని అదే మునెనోరి అదే గ్రంథమున మరియొక అర్థమును తెచ్చెను. ఆయుధము అశుభవస్తువే యైనను, ఒక్కని దుష్టత్వము వలన పదివేలమంది బాధపడునపుడు ఆ ఒక్కని చంపి పదివేలమందిని బ్రతికించినచో, చంపిన కత్తియే బ్రతికించు కత్తి యగునని అతని వాదము. వినుటకు ఇది న్యాయముగనే తోచును. రాజ్యము చేయువారెవరును దీనిని కాదనజాలరు. అయితే ఆ ఒక్కడెవడో ఏర్పరచు చేయియు, పదివేలమంది పేరు చెప్పు నోరును, కత్తి పట్టిన చేయియు ఒక్కనివే. సందేహము పుట్టవలసినది అచ్చటనే. ఆ గ్రంథము వెలువడిన 1632లోనే మునెనోరి సామంతులపై నిఘాయుంచు ఉన్నతోద్యోగిగా నియమింపబడెను. అటుపిమ్మట అయిదేండ్లకు, 1637లో, షిమాబరా ప్రాంతపు రైతులు పన్నుల భారమునకును, క్రైస్తవమతము పుచ్చుకొన్నవారిపై జరుగు హింసకును ఓర్వలేక తిరుగబడిరి. 1638లో హారా కోటను పట్టుకొన్న తోకుగావా సైన్యము లోపలివారిని, స్త్రీలను బిడ్డలను కూడ విడువక, సంహరించెను. మృతులు సుమారు 37,000 అని చెప్పుదురు. ఒక్కడెక్కడ, పదివేలమందియెక్కడ? లెక్క తారుమారైనది.

మునెనోరికి మిత్రుడును గురుతుల్యుడును అయిన తకువాన్ సోహో (1573-1645) అను జెన్ సన్న్యాసి అతనికి ఒక దీర్ఘలేఖ వ్రాసెను. చిత్తము ఎచ్చటను నిలిచిపోక ప్రవహించుచుండవలెనన్నది అందలి ముఖ్యబోధ. ఆ లేఖలోని తత్త్వభాగమును అందరు మెచ్చుకొందురు గాని దాని తుదిభాగమును తలచువారు తక్కువ. అచ్చట తకువాన్, ముఖస్తుతి చేయువారిని నీవు ఆదరించుచున్నావనియు, నీ నాట్యమును జూచి నీవే మురిసిపోవుచున్నావనియు, కుమారుని దిద్దుటకు ముందు నిన్ను నీవు దిద్దుకొనుమనియు మందలించెను. రాజ్యమునంతను సరిచేయు ఖడ్గమును ధరించినవానికి గురువు మొదట ఇల్లు చూపించెను.

20వ శతాబ్దమున ఈ మాట యోధుల గ్రంథములనుండి సైన్యముల శిబిరములకు చేరెను. 1930, 1940లనాటి యుద్ధములలో జపాను సేనలు చీనాపైకి, ఆగ్నేయాసియా దేశములపైకి పోయినపుడు, జెన్ గురువులలో పలువురు ఆ యుద్ధమును కరుణాకార్యమని పొగడిరి. చంపు ఖడ్గమే బ్రతికించు ఖడ్గమన్న పాత పలుకు వారికి ఆసరా యయ్యెను. జెన్ మార్గమును పాశ్చాత్యులకు పరిచయము చేసిన డి.టి. సుజుకి సయితము, తప్పనిసరియై ఖడ్గమెత్తినవాని విషయమున, నిజముగ చంపునది అతడు కాదు, ఖడ్గమే యన్న రీతిగా వ్రాసెను. చిత్తము నిర్మలమైనచో చేతికి పాపమంటదను వాదమిది. బ్రయన్ విక్టోరియా అను పరిశోధకుడు 1997లో ప్రకటించిన గ్రంథము ఇట్టి ప్రసంగములను విస్తారముగా బయటపెట్టెను. జెన్ శాఖలలో ఒకటియైన సోతో వారు 1992లోను, రింజాయి శాఖకు చెందిన మ్యోషింజి మఠమువారు 2001లోను తమ సంస్థలు యుద్ధమునకు తోడ్పడినందుకు పశ్చాత్తాపమును ప్రకటించిరి. 1945లో యుద్ధము ముగిసిన తరువాత మొదటి ప్రకటనకు 47 ఏండ్లు పట్టెను. ఆలస్యమే యైనను, మఠములు తమ పూర్వాచార్యుల మాటను తామే తూచి చూచుట తేలికైన పని కాదు.

చిత్తము నిర్మలమైనచో చేతికి దోషము లేదన్న వాదమునకు బసవేశ్వరుని బోధయందు సూటియైన సమాధానమున్నది. దొంగతనము, హత్య, అసత్యము, కోపము, పరుల యెడ ఏవగింపు, ఆత్మస్తుతి, పరనింద వీనిని విడుచుటయే అంతరంగశుద్ధి, అదియే బహిరంగశుద్ధి యని ఆయన రెండింటిని ఒక్కటిగా ముడివేసెను. లోపలి శుద్ధి వేరు, వెలుపలి నడవడి వేరు అను మాటకు ఆయన చోటీయలేదు. హత్య విడువని చేయి గలవానికి లోపల నిర్మలత్వము కలదనుట ఈ బోధప్రకారము పొసగదు. సకలప్రాణుల యెడ దయను ధర్మమునకు వేరుగా నిలిపినవాడు, వేరు నరకి కొమ్మను కాపాడెదనన్నవానిని ఒప్పుకొనడు.

అయినను ఇచ్చట ఒక కఠినమైన విషయమును దాటిపోరాదు. పాల్కురికి సోమనాథుని బసవపురాణమున బిజ్జలుడు భక్తుల కన్నులు తీయించుటయు, జగదేవుడు మొదలగువారు అతనిని వధించుటయు వర్ణింపబడినవి. 12వ శతాబ్దపు ఆ కల్లోలముతో కల్యాణము చెదిరెను, శరణులు దిక్కులకు వెడలిరి. శివద్రోహికి అది తగిన శిక్షయని పురాణము భావించెను. బసవేశ్వరుని దయాబోధను, జగదేవుని కత్తిని ఒకే పీఠమునుండి చెప్పవలసివచ్చిన ప్రవచనకారులు తరచుగా రెండవదానిని వేగముగ దాటింతురు, లేదా ఉత్సాహముతో పెంచి చెప్పుదురు. రెండును చాలవు. ఆ వధ వలన ఆ కన్నులు తిరిగి రాలేదు. రాజుతో పాటు కల్యాణము నందలి శరణుల సమాజమును కూలెను. పదివేలమంది బ్రతికిరని చెప్పుటకు అచ్చట పదివేలమంది మిగులలేదు.

'వీర' శబ్దము విషయమున పూర్వులకు ఈ ఎరుక ఉన్నట్లే యున్నది. సిద్ధాంతశిఖామణి ఆ శబ్దమునకు యుద్ధార్థమును చెప్పలేదు. 'వి' అనగా శివజీవుల ఐక్యమును తెలుపు విద్య, దానియందు రమించువారే వీరశైవులని వివరించినది. వ్యాకరణమునకు ఇది సమ్మతమా యని పండితులు తర్కింపవచ్చును. శబ్దమును కత్తివైపునకు పోనీయక జ్ఞానమువైపునకు త్రిప్పిన ఆ చేయి మాత్రము స్పష్టముగనే కనిపించుచున్నది. జపానులో మాట నడచిన దారికి ఇది ఎదురుదారి. అచ్చట ఆశ్రమమున పుట్టిన మాట రణమునకు పోయినది, ఇచ్చట రణమును తలపించు మాట ఆశ్రమమునకు తేబడినది.

అట్లని కత్తి పట్టిన ప్రతివానిని నిందింపవలెనని కాదు. కల్యాణము విడిచి చెన్నబసవేశ్వరునితో ఉళవి దిక్కునకు పోవుచున్న శరణులను, వారు మోసికొనిపోవు వచనముల కట్టలను, వెంటబడిన సైన్యమునుండి మడివాలు మాచయ్య అడ్డుకొని కాపాడెనని సంప్రదాయము చెప్పును. అతడు బట్టలుదుకు కాయకమువాడు. ఎవరి మీదికిని పోలేదు; పోవువారికి దారి దొరకువరకు వెనుక నిలిచెను. శత్రువు మరలిపోయినచో అతని కత్తికి పనియే లేదు. యగ్యూ వారి చిన్న అర్థమునకు ఇది దగ్గరగా నున్నది. దానిని ప్రాణమిచ్చు ఖడ్గమని పిలుచు అధికారము ఎవరికైన ఉన్నచో, ఆనాడు ఉళవి చేరిన శరణులకు ఉండవలెను. షిమాబరా మృతులు తోకుగావా ఖడ్గమునకు ఆ పేరు పెట్టజాలరు. జగదేవుని కథ ప్రవచించు మఠములలో మాచయ్య కథను గూడ ఆ ప్రక్కనే, అదే పూట చదివించినచో, శ్రోతలు ఆ రెండు కత్తులను తామే పోల్చి చూచుకొందురు.