ఆకాను గుడారము, ఇంటి ఫోను



కామవరపుకోట ప్రాంతపు పామాయిల్ తోటల నడుమ మన ఇండ్లలో తరచుగా ఒకే ఫోను అందరికిని సరిపోవలెను. పగలు తండ్రి గెలల సొమ్ము పడినదా యని దానిలో చూచుకొనును, తల్లి డ్వాక్రా వాయిదా కట్టును. రాత్రి కుమారుడు కార్ల పందెముల ఆట ఆడును. గ్రిడ్ ఆటోస్పోర్ట్ వంటి ఆట వెల పెట్టి కొనవలసినది. అదే ఆట ఊరు పేరు లేని వెబ్‌సైటులో ఉచితమని కనబడగా, ఫోను చేయు హెచ్చరికను త్రోసివేసి ఏపీకే ఫైలును దించుకొనును.

అట్టి ఫైళ్లన్నియు మోసమని మేము చెప్పము. కాని కొన్నిటిలో ఆట చాటున మరియొకటి దాగియుండును. కారు నడుపుటకు మన మెసేజీలు చదువు అనుమతి ఎందుకు? బ్యాంకు ఓటీపీ వచ్చునది అక్కడికే గదా!

ఆట చేసినవారి కూలి ఎగవేయుట ఒక తప్పు. 1957 నాటి కాపీరైటు చట్టమును అదే చెప్పును. అంతకంటె మమ్మును కలవరపెట్టునది వేరొకటి. యెహోషువ 7వ అధ్యాయములో ఆకాను దాచినది తన గుడారములో; హాయి యొద్ద కూలినవారు ఇంచుమించు ముప్పది ఆరుగురు, ఆ సంగతి ఎరుగనివారు. కుమారుడు ఒడ్డునది తన సొమ్ము కాదు, తల్లి వాయిదా సొమ్ము. ఆమెను ఎవరడిగిరి?

సొమ్ము పోయినయెడల వెంటనే 1930కు ఫోను చేయుడి. తండ్రులారా, మొదట బెత్తము తీయకుడి. దెబ్బలకు జడిసిన పిల్లవాడు తెల్లవారువరకు చెప్పడు, అంతలో సొమ్ము చేతులు మారిపోవును.